మూర దారం

మార్చి ఆఖరు వారం. రూబేలో ఇంకా చలి.
నూలు మిల్లు గోడమీద పాత యజమాని పేరు సగం చెరిగింది,
మిగిలిన సగం మీద మా ఉత్సవం పోస్టరు అంటించాం.
పద్నాలుగో ఏడు.
ఐదు పగళ్లు హిప్‌హాప్ పోటీలు, ఐదు రాత్రులు నాటకాలు,
ఆరో రోజు అందరికీ ఒళ్లు నొప్పులు.

నేను దీపాలవాణ్ణి.
నిచ్చెన మీదనుంచే నాకు లోకం:
నడినెత్తులు, భుజాలు, నేలమీద చెమట మరకలు.
ఆ మరకల్ని తుడిచేది తసాదిత్.

ఒక జోడీ దిగి ఇంకో జోడీ ఎక్కేలోపు
అర నిమిషం ఆమెది.
ఈ మూలనుంచి ఆ మూలకి, ఆ మూలనుంచి ఈ మూలకి
తుడుపుకర్ర, పడుగులో పేకలా.
కుర్రాళ్లు ఈలలేస్తారు. ఆమె తలెత్తదు.
తడి మిగిలితే ఎవరి మెడో విరుగుతుంది.

ఎడమ చెవి ఎప్పుడో మిల్లుకిచ్చేసింది.
పద్దెనిమిదేళ్లు కండెల గదిలో,
ఇప్పుడు మేం స్పీకర్లు పేర్చిన చోటే.
"అప్పుడు ఇంతకంటే గోల" అంటుంది,
"మాటలన్నీ పెదాలమీదే చదువుకునేవాళ్లం.
పోట్లాటలు కూడా."

ఈ ఏటి నాటకం మిల్లు గురించే.
రాసింది, ఆడిస్తున్నది దియెనబా, ఇరవై ఆరేళ్లు,
తాత డాకర్ నుంచి ఓడలో వచ్చి
ఇక్కడే రంగుల తొట్ల దగ్గర పనిచేశాడట.
పదకొండు మంది తలలమీద నిలబడి
కదుళ్లలా గిర్రున తిరుగుతారు.
ఒక్కొక్కరే ఆగి, ఒరిగి, పడిపోతారు.
మిల్లు మూతపడిందన్నమాట.
చివర ఒక పిల్ల లేచి
తెగిన దారాన్ని గాలిలో ముడివేస్తుంది.

ఆ పిల్ల, మాయ్‌లిస్, చేతులు బార చాపి
లంగరు తాడు లాగినట్టు లాగింది.
కన్నీళ్లు కూడా పెట్టింది.

"కాదు."
తుడుపుకర్ర గోడకానించి తసాదిత్ నడిమధ్యకొచ్చింది.
ఎవరూ తన్నకుండా బకెట్టు నేను జరిపాను.
"దారం తెగితే ఏడవం. టైముండదు.
ఏడిస్తే పక్క దారం కూడా తెగుతుంది."
ఎడమ బొటనవేలి గోటికింద ఒక కొస నొక్కిపెట్టి,
రెండోదాన్ని కుడి చూపుడువేలితో చుట్టి, లోపలికి తోసి
అయిపోయింది. నాకేమీ కనబడలేదు.
మళ్లీ చూపించమన్నారు.
మళ్లీ అయిపోయింది.
"మూడు లెక్కపెట్టేలోపు పడకపోతే జీతంలో కోత."

దియెనబా పాట ఆపించింది.
పదకొండు మందీ నేలమీద చతికిలబడ్డారు.
తసాదిత్ ఏప్రన్ జేబులోంచి దారపుండ తీసింది.
ఇన్నేళ్లకీ ఆ జేబులో దారమెందుకుందో
ఎవరం అడగలేదు.
తలా మూర తెంపి ఇచ్చింది.

ఆ మధ్యాహ్నం
దేశదేశాల్లో కప్పులు గెలుచుకొచ్చినవాళ్లు
తమ వేళ్లు తమ మాట వినక విసుక్కున్నారు.
ఒంటిచేతిమీద ఒళ్లంతా మోసే బకారీ
ముడి పడక దారాన్ని పళ్లతో కొరికాడు.
తుడవాల్సిన నేల తుడవకుండానే ఆరిపోయింది.

శనివారం రాత్రి.
మూడో వరుసలో సీటిచ్చారు. కూర్చోలేదు.
తెర పక్కన చెప్పులు విప్పి నిలబడింది,
చెవికి అందని మోత అరికాళ్లకైనా అందుతుందని.
కదుళ్లు తిరిగాయి. పడ్డాయి.
దీపాలన్నీ చంపి ఒక్కటే ఉంచాను,
మాయ్‌లిస్ వేళ్లమీద అరచేయంత వెలుగు.
గోటికింద కొస. చుట్టు. తోపు.
హాల్లో సగంమంది చూసుండరు.
వెనక వరుసల్లో కొందరు ముసలివాళ్ల చేతులు మాత్రం
వాళ్ల ఒళ్లో కదిలాయి.
పైనుంచి నాకు కనిపించింది.

అంతా అయ్యాక
రాత్రికి రాత్రి మళ్లీ అచ్చేయించిన కార్యక్రమ పత్రం
ఆమె చేతికిచ్చాను.
నృత్యరచన అన్నచోట, దియెనబా పేరు కింద, చిన్న అక్షరాల్లో ఆమె.
అద్దాలు పెట్టుకుని చాలాసేపు చూసింది.
"ఒక ఎస్ తక్కువైంది" అంది.
"మిల్లు జీతం చీటీలోనూ ఇదే తప్పు.
పద్దెనిమిదేళ్లు చెప్పాను, దిద్దలేదు."

నా చెవిమీద పెన్సిలుంది, ఇవ్వబోయాను.
వద్దంది.
"వచ్చే ఏడు అచ్చులోనే దిద్దండి" అని
బకెట్టు ఎత్తుకుని వెళ్లింది,
ఇంకా వెచ్చగా ఉన్న నేలమీదికి.